పాత స్పీకర్ల జతకు జీర్ణాపణ వ్యాఖ్య

అవతారిక

ఓరుగల్లును ఏలిన ప్రతాపరుద్రుణ్ణి నాయకుడిగా నిలిపి విద్యానాథుడు ప్రతాపరుద్రయశోభూషణమనే అలంకారశాస్త్ర గ్రంథం రచించగా, మల్లినాథసూరి కుమారుడైన కుమారస్వామి దానికి రత్నాపణమనే వ్యాఖ్య సంతరించిన సంగతి సాహిత్య విద్యార్థులకు తెలిసినదే. రత్నాపణమంటే రత్నాల అంగడి. ప్రస్తుత వ్యాఖ్యకు విషయమైనవి వరంగల్, హనుమకొండ, కాజీపేట మూడు ఊళ్ళ మైకుసెట్టు రిపేరు దుకాణాల్లో పై అరల మీద దుమ్ము కొట్టుకుపోయిన పాత స్పీకరు డబ్బాలు కావడంచేత దీనికి జీర్ణాపణమని నామకరణం జరిగింది. వ్యాఖ్యకు ముందు మూలమేదో, దాని కర్త ఎవరో చెప్పడం సంప్రదాయం. మూలం కింద ఇచ్చిన ఐదు వాక్యాలు. అవి ఏ తాళపత్రంలోనూ లేవు, ఏ ఒక్కరూ రాసినవీ కావు. అటువంటి సరుకును వదిలించుకోదలచినవారు ఫోటోతో పాటు ఫోనులో పంపే మాటల సారాన్ని తీసి ఇక్కడ ఒకచోట కూర్చడమైనది. కర్త లేడు కాబట్టి ఇది అపౌరుషేయమని ఎవరైనా అంటే మీమాంసకులు నొచ్చుకుంటారు గనుక ఆ చర్చను ఇంతటితో ఆపడం మేలు.

శాస్త్రగ్రంథానికి విషయం, ప్రయోజనం, సంబంధం, అధికారి అని నాలుగు అనుబంధాలుండాలి. ఇక్కడ విషయం, పేరు మోసిన వాటి చాటున మరుగునపడిన పాత స్టూడియో మానిటర్లు. ప్రయోజనం, పాటను అది తయారైన తీరు తెలిసేలా వినడం. సంబంధం, స్పీకరుకూ యాంప్లిఫయరుకూ మధ్య ఉండే రెండు తీగలు. అధికారి, జేబులో పైకం తక్కువై చెవికి ఓపిక ఎక్కువైన గృహస్థు. కిటికీ అద్దాలు దద్దరిల్లాలని కోరేవాడికి ఈ శాస్త్రంలో ప్రవేశం లేదు. అతడి కోసం బరాత్‌ల ముందు నడిచే డీజే శాస్త్రం వేరే ఉంది, దానికి వ్యాఖ్యాతల కొరత కూడా లేదు.

మూలం

పాత స్టూడియో స్పీకర్లు జత ఉన్నయ్. కండిషన్ సూపర్. ఒకటి కొంచెం గర్రుమంటది. విని తీస్కోన్రి. రేటు మాట్లాడుకుందాం.

వ్యాఖ్య

‘పాత స్టూడియో స్పీకర్లు’ అన్నచోట ‘పాత’ అనే విశేషణం దేనితో అన్వయిస్తుందన్నది మొదటి చిక్కు. పాతదైన స్టూడియో యొక్క స్పీకర్లని షష్ఠీ తత్పురుష చెప్పుకుంటే, అవి ఏ రకానివైనా ఒకప్పుడు ఏదో రికార్డింగు గదిలో పనిచేశాయని అర్థం. పాతవైన స్టూడియో స్పీకర్లని కర్మధారయం చెప్పుకుంటే, స్టూడియో కోసం తయారైనవే అయినా ఒక్కనాడూ స్టూడియో గడప తొక్కకుండా ఏ డాక్టరుగారి హాల్లోనో కాలం గడిపి ఉండవచ్చునని అర్థం. కొనేవాడికి ఈ తేడా ముఖ్యం. మొదటి రకం రోజుకు పది గంటలు పనిచేసి అలసినది, రెండో రకం పనిలేక బిగుసుకుపోయినది. మూలకర్త సమాసాన్ని విప్పకుండా వదిలేయడం కవిసమయం కాదు, బేరసమయం.

ఇక ‘స్టూడియో స్పీకరు’ అంటే, లోకం మానిటరు అని పిలిచేది. పాటను రికార్డు చేసేటప్పుడూ, తరువాత గొంతునూ వాద్యాలనూ తగిన పాళ్ళలో కలిపే మిక్సింగ్ అనే పని చేసేటప్పుడూ ఇంజనీరు తన ముందుంచుకొని, దాని మాట విని తీర్పు చెప్పే స్పీకరు అది. ఇంటి స్పీకరు పని వినేవాణ్ణి సంతోషపెట్టడం. మైకుసెట్టు హారను పని బతుకమ్మ ఆడే వీధి చివరిదాకా పాటను మోసుకుపోవడం. మానిటరు పని గాయకుడు ఊపిరి పీల్చిన చప్పుడునూ, తబలాకు మైకు మరీ దగ్గరైన దోషాన్నీ, రెండు టేకులను అతికించిన చోటునూ దాచకుండా బయటపెట్టడం. మల్లినాథుడు తన వ్యాఖ్యల ఆరంభంలో మూలంలో లేనిదేదీ రాయననీ, అక్కరలేనిదేదీ చెప్పననీ ప్రతిజ్ఞ చేశాడు. మెదక్ సీమలోని కొల్చారం ఆ మహానుభావుడి ఊరు. స్టూడియో మానిటరుకు ఇంతకంటే పొందికైన లక్షణవాక్యం ఏ ఇంజనీరింగు పుస్తకంలోనూ దొరకదు. విద్యానాథుడి గ్రంథంలో ఏ అలంకారానికి ఉదాహరణ తీసుకున్నా అది ప్రతాపరుద్రుణ్ణి పొగిడేదిగానే ఉంటుంది. షోరూముల్లో ధగధగలాడే స్పీకర్లలో అధికభాగం ఆ శాఖకు చెందినవే, వాటిలో ఏ పాట వేసినా అది మహారాజుగానే వినిపిస్తుంది. మానిటరు మాత్రం మల్లినాథుడి శాఖకు చెందినది.

ఈ శాఖలో మొదట చెప్పవలసినది బ్రిటిష్ ప్రసార సంస్థ బీబీసీ 1970ల్లో రూపొందించిన ఎల్ఎస్3/5ఏ. పేరును విప్పితే, ఎల్ఎస్ అన్నది లౌడ్‌స్పీకరుకు సంకేతం, 3 అనే అంకె స్టూడియో బయట జరిగే ప్రసారాలకు వాడేదని గుర్తు, 5 ఆ వరసలో దాని సంఖ్య, ఏ అన్నది సవరించిన నమూనా అని సూచన. ప్రసార వ్యాను వెనకభాగంలో పెద్ద డబ్బా పెట్టడానికి చోటు లేదు. హెడ్‌ఫోను పెట్టుకుంటే ఇంజనీరుకు పక్కవాడి మాట వినపడదు. అందువల్ల ఐదు లీటర్ల లోపలి చోటుతో, పలుచని బర్చి ప్లైవుడ్ గోడలకు లోపల తారు పట్టీలు అంటించి, కెఫ్ కంపెనీ తయారుచేసిన రెండు యూనిట్లతో ఈ చిన్న డబ్బాను కూర్చారు. ప్లైవుడ్ పలుచగా ఉండటం పిసినారితనం వల్ల కాదు. మందమైన చెక్క ఒక స్వరం దగ్గర మొండిగా మోగుతూ ఉండిపోతే, తారు పట్టీ అంటిన పలుచని చెక్క ఆ మోతను తొందరగా చంపేస్తుంది. రోజర్స్, స్పెండార్, హార్బెత్ వంటి కంపెనీలు లైసెన్సు తీసుకొని దీన్ని తయారుచేశాయి. దాని కీర్తి ఎంత పెరిగిందంటే ఇప్పుడది గృహస్థు ధర్మానికి మించిన ధరకు చేరింది కాబట్టి, మన అధికారికి అది దర్శనీయమే కానీ గ్రాహ్యం కాదు.

రెండోది, ఇంతకుముందు చెప్పిన సమాసపు చిక్కుకు సాక్షాత్తూ నిదర్శనమైనది, యమహా ఎన్ఎస్-10. అకిరా నకమురా రూపకల్పనలో 1978లో ఇది ఇళ్ళలో పెట్టుకునే స్పీకరుగానే బయటికొచ్చింది, ఇళ్ళలో ఎవరూ మెచ్చలేదు. బేసు పలుచన, నడిమి స్వరాలు ముందుకు పొడుచుకొచ్చినవి, పై స్వరాలు పదునైనవి అని దాన్ని తిరస్కరించారు. స్టూడియో ఇంజనీర్లు ఆ దోషాలను చూసే దాన్ని పెద్ద మిక్సింగ్ బల్ల మీదికి ఎక్కించుకున్నారు. ఎందుకంటే మనిషి గొంతూ, వీణా, గిటారూ ఒకదానితో ఒకటి పోట్లాడుకునేది ఆ నడిమి స్వరాల్లోనే, అక్కడ పొడుచుకొచ్చిన స్పీకరు ఆ పోట్లాటను దాచదు. దగ్గరికి వెళ్ళి చూస్తే దాని పెద్ద కోను తెల్లగా ఉంటుంది. తక్కిన కోన్ల మాదిరి అచ్చులో పోసిన గిన్నె కాదది, చదునైన గుజ్జు కాగితాన్ని చుట్టి రెండంచులను అతికించినది, ఆ అతుకు గీత వేలికి తగులుతుంది. పై స్వరాలు పలికే ట్వీటరు పదును తగ్గించడానికి ఇంజనీర్లు దాని ముందు పలుచని టిష్యూ కాగితం అంటించుకునేవారు. ఏ రకం కాగితమన్నదాని మీద కూడా వాదాలు జరిగాయంటే వ్యాఖ్యాతల వంశం ఎంత విస్తరించిందో అర్థం చేసుకోవచ్చు. కంపెనీ ఈ ఆచారాన్ని గమనించి ట్వీటరును కాస్త మెత్తబరిచి 1987లో స్టూడియో అనే పేరు చేర్చిన నమూనాను తెచ్చింది, 2001లో తయారీ మానేసింది. అదే ఏడాది ఫిలిప్ న్యూవెల్, కీత్ హాలండ్ తదితరులు అనేక మానిటర్లను కొలిచి చూస్తే, మూసిన డబ్బాలో ఉన్న ఈ స్పీకరులో శబ్దం ఎంత త్వరగా మొదలవుతుందో అంత త్వరగా ఆగిపోతున్నదని తేలింది. ఒక మాట అన్నాక దాని తోక లాగుతూ కూర్చోకపోవడం మానిటరులోనైనా వ్యాఖ్యాతలోనైనా గొప్ప గుణం; ప్రస్తుత వ్యాఖ్యకు ఆ గుణం ఉన్నదో లేదో పాఠకులే నిర్ణయించాలి.

మూడోది ఆరటోన్. జాక్ విల్సన్ అనే ఆయన కంపెనీ తయారుచేసిన ఈ స్పీకరు ఇంచుమించు ఆరున్నర అంగుళాల ఘనాకారపు డబ్బా, అందులో నాలుగున్నర అంగుళాల కోను ఒక్కటే, ట్వీటరు లేదు. మైకేల్ జాక్సన్ థ్రిల్లర్ ఆల్బమ్‌కు పనిచేసిన ఇంజనీరు బ్రూస్ స్వీడియన్ దీన్ని ఇష్టంగా వాడినవాడు. ఇంత పేద స్పీకరు అంత సంపన్నమైన స్టూడియోలో ఎందుకన్న సందేహానికి సమాధానం వినేవాడి ఇంట్లో ఉంది. పాట చివరికి చేరేది చిన్న రేడియోకు, కారులోని డబ్బాకు. అక్కడ బతికిన పాటే బతికినట్టు. వివిధభారతిలో వచ్చే పాటలను ట్రాన్సిస్టరు చెవి దగ్గర పెట్టుకొని విన్న కాలపు తెలుగు శ్రోతకు ఈ తర్కం ఎవరూ బోధించనక్కరలేదు. మద్రాసు స్టూడియోల్లో పట్టు చీర మాదిరి నేసిన పాట ఆ శ్రోతకు మూడు నాలుగంగుళాల కోను గుండానే అందింది, అయినా అందులోని ప్రతి మాటా అతడికి కంఠతా వచ్చింది.

ఈ మూడూ ప్రసిద్ధాలు కాబట్టి మూలంలోని స్పీకర్లు ఇవేనని కొందరు ఆశపడవచ్చు. ఇవే అయితే అమ్మేవాడు పేరు చెప్పి ఉండేవాడు. పేరు చెప్పకపోవడమే ఇక్కడ ప్రమాణం: అనుపలబ్ధి వల్ల సిద్ధించేది, ఇవి పేరు లేనివనే. పేరు లేకపోవడం, గుణం లేకపోవడం ఒకటి కావన్నది ఈ శాస్త్రంలో ప్రధాన సూత్రం. ఒక మానిటరుకు కీర్తి దాని కోను వల్ల కొంత, దాని మీద తయారైన పాటల అదృష్టం వల్ల ఎక్కువ వస్తుంది. హిట్టయిన ఆల్బమ్ వెనక ఉన్న స్పీకరు చరిత్రకెక్కుతుంది, అంతే శ్రద్ధతో చేసిన మరొకటి అటకెక్కుతుంది. జపాను ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే కోసం మిత్సుబిషి 1958లో తెచ్చిన డయాటోన్ 2ఎస్-305 ఆ దేశంలో పూజ్యమైనది, ఇక్కడ ఆ పేరు చెబితే టార్చిలైటు కంపెనీ అనుకుంటారు. ఫిలిప్స్ పేరు తెలియని తెలుగు ఇల్లు లేదు. అయినా ఆ కంపెనీ 1970ల్లో కోను మీదే చిన్న సెన్సరు అమర్చి, కోను తప్పుగా కదిలితే డబ్బాలోనే ఉన్న యాంప్లిఫయరు ఆ తప్పును దిద్దుకునేలా తయారుచేసిన మోషనల్ ఫీడ్‌బ్యాక్ స్పీకర్ల సంగతి తెలిసినవారు అరుదు. జేబీఎల్ కంట్రోల్ వరస చిన్న స్పీకర్లను స్టూడియోల్లో వాడిన రోజులున్నాయి. తరువాత అవి హోటళ్ళ గోడల మూలలకు ఎక్కి సాంబారు ఆవిరి పట్టడంతో వాటిని గౌరవించేవారు కరువయ్యారు. కోల్‌కతాలో పుట్టిన సోనోడైన్ ఇళ్ళ స్పీకర్లతో పేరు తెచ్చుకొని తరువాత స్టూడియో మానిటర్లు కూడా తయారుచేసింది, ఇంటిపేరు స్వదేశీ కావడమే దాని పాత సరుకు పాలిట శాపమైంది. వీటికి తోడు, కేసెట్ల కాలంలో జానపదాలూ భక్తి పాటలూ రికార్డు చేసిన చిన్న చిన్న గదులు మూతపడగా మిగిలిన, పైన బొమ్మ చెరిగిపోయి ఏ కంపెనీదో తెలియని డబ్బాలు కొన్ని. ఈ చివరి వర్గమే మూలకర్త ఉద్దేశమని వ్యాఖ్యాత పక్షం.

‘జత’ అనగా కుడి ఎడమలు. రెండు స్పీకర్లూ ఒకే తీరున పలికితేనే గాయకుడి గొంతు వాటి నడుమ, ఏ స్పీకరూ లేని చోట నుంచి వస్తున్నట్టు నిలబడుతుంది. ఒకటి మందగిస్తే ఆ గొంతు రెండోదాని వైపు ఒరుగుతుంది. అందుచేత వెనకవైపు రేకు మీద వరస సంఖ్యలు పక్కపక్కవైతే విశేషం. ఇక్కడ ఒక అపవాదం ఉంది. ఘంటసాల 1974లో కన్నుమూసే నాటికి తెలుగు సినిమా పాట ఇంచుమించు అంతా మోనోలోనే, అంటే కుడి ఎడమల భేదం లేని ఒకే ధారగా రికార్డయింది. ఆయన పాటలు మాత్రమే వినే నియమమున్న శ్రోతకు ఒక్క స్పీకరు చాలు, రెండోది అలంకారం. అటువంటివాడికి మూలంలోని మూడో వాక్యం దోషమే కాదు.

‘కండిషన్ సూపర్’ అన్నదాన్ని అభిధ చేత, అంటే పదాల నేరుగా ఉన్న అర్థంతో గ్రహిస్తే వెంటనే వచ్చే ‘గర్రుమంటది’ అన్నదానితో విరోధం కలుగుతుంది. ముఖ్యార్థానికి బాధ కలిగినప్పుడు లక్షణను ఆశ్రయించాలని శాస్త్రం. గంగలో పల్లె ఉన్నదంటే గంగ ఒడ్డున పల్లె ఉన్నదని ఎలా గ్రహిస్తామో, స్పీకరు సూపరంటే స్పీకరుకు ఆనుకుని ఉన్నదేదో సూపరని గ్రహించాలి. ఆ ఆనుకున్నది పైన కొత్తగా కొట్టిన వార్నిషా, ముందు బిగించిన కొత్త జాలీయా, ఫోటో తీసిన ఫోనా అన్నది సందర్భాన్ని బట్టి నిశ్చయించుకోవాలి.

‘ఒకటి కొంచెం గర్రుమంటది’ – ఐదు వాక్యాల్లో సత్యం బయటపడేది ఇక్కడే గనుక వ్యాఖ్య కొంత విస్తరించక తప్పదు. ‘ఒకటి’ అంటే కుడిదా ఎడమదా అన్న నిర్దేశం లేదు. దాన్ని కనిపెట్టే ఉపాయం, రెండు స్పీకర్లకు పోయే తీగలను అటుదిటు మార్చడం: గర్రు మొదటి స్పీకరులోనే ఉండిపోతే దోషం స్పీకరుది, రెండో స్పీకరుకు మారితే దోషం యాంప్లిఫయరుది, అప్పుడు పాపం డబ్బాది కాదు. స్పీకరుదే అయితే హేతువులు అనేకం. కాగితపు కోను చుట్టూ దాన్ని చట్రానికి పట్టి ఉంచే అంచు ఒకటుంటుంది. అది పాలీయూరిథేన్ ఫోముతో చేసినదైతే గాలిలోని తేమ పట్టి, ఏళ్ళ తరబడి వరంగల్ ఎండకు మగ్గి, చివరికి వేలు తగిలితే జిగటగా ఊడిపోయే పొడి అవుతుంది. రబ్బరు అంచూ, పూత పూసిన గుడ్డ అంచూ ఇంత తొందరగా చెడవు. ఫోము పోయిన స్పీకరు చచ్చిన స్పీకరు కాదు, కొత్త అంచు తెప్పించి అంటించవచ్చు, ఈ పని చేసే చేతులు ఇంకా ఊళ్ళో ఉన్నాయి. కోను వెనక అయస్కాంతపు సందులో కదిలే రాగి తీగచుట్టను వాయిస్ కాయిల్ అంటారు. అది వంగి సందు గోడకు రాసుకుంటే మాత్రం గర్రు ముదురుతుంది. కోను మధ్య రెండు వైపులా వేళ్ళు సమంగా ఆనించి, మెల్లగా లోపలికి నొక్కి వదిలితే రాపిడి వేలికే తెలుస్తుంది, చెవి అక్కరలేదు. మల్టీమీటరుతో కొలిస్తే ఎనిమిది ఓముల స్పీకరు ఆరు ఓముల దగ్గర చూపాలి, అసలేమీ చూపకపోతే కాయిల్ తెగినట్టే. ఒకటిన్నర వోల్టుల బ్యాటరీని ఒక్క క్షణం తాకిస్తే టప్‌మని కోను ముందుకో వెనక్కో కదులుతుంది. రెండు డబ్బాలకూ ఒకే తీరున తాకించినప్పుడు రెండూ ఒకేవైపు కదలకపోతే, పాతరోజుల్లో ఎవరో మధ్యవర్తి లోపల తీగలు తారుమారు చేసి పోయాడని అర్థం. ఇవన్నీ బాగుండి కూడా పై స్వరాలు మసకబారితే అది నెట్‌వర్కు దోషం. శబ్దాన్ని విడదీసి లావు స్వరాలను ఊఫరుకూ సన్నని స్వరాలను ట్వీటరుకూ పంపే చిన్న సర్క్యూటును నెట్‌వర్కు అంటారు. అందులోని కెపాసిటర్లు ఏళ్ళు గడిస్తే ఎండి విలువ మారతాయి, వాటి ఖర్చు స్వల్పం. ఇక డబ్బా చెక్కపొడి బోర్డుదై వానకాలం చెమ్మకు కింది మూల ఉబ్బినా, చెద పట్టినా దానికి ప్రాయశ్చిత్తం లేదు.

ఇక్కడ పూర్వపక్షం ప్రవేశిస్తుంది. ‘ఇంత శ్రమపడి తెచ్చుకున్నది చివరికి దోషాలనే వినిపిస్తుందంటే, పాట వినడం ఆనందానికా, తప్పులు పట్టడానికా? పైగా ఎన్ఎస్-10కు బేసు లేదని మీరే అన్నారు, ఆరటోన్‌కు ట్వీటరే లేదన్నారు. అది మూలాన్ని ఉన్నదున్నట్టు చెప్పడమెలా అవుతుంది?’ అని ఆక్షేపం. రెండో భాగం బలమైనది, ఒప్పుకోవాలి. ఏ స్పీకరూ సర్వజ్ఞం కాదు. ఒక్కొక్కటి మూలంలోని ఒక్కొక్క అంశాన్ని తేటపరుస్తుంది, అందుకే ఇంజనీర్లు ఒకదాని పక్కన ఒకటి పెట్టుకొని మార్చి మార్చి వింటారు. ఒకరు వ్యాకరణం చూస్తారు, ఒకరు అలంకారం చూస్తారు. ఆక్షేపంలోని మొదటి భాగానికి సమాధానం మల్లినాథుడే ఇచ్చి ఉన్నాడు: చెడు వ్యాఖ్యల విషం తలకెక్కి మూర్ఛపోయిన కాళిదాసు వాక్కును తిరిగి లేపడానికే తన వ్యాఖ్యకు సంజీవని అని పేరు పెట్టుకున్నాడు. బేసు బటను నొక్కి ఉబ్బించిన పాటను ఏళ్ళ తరబడి విన్న చెవికి పాత మానిటరు మొదట రుచించదు. వారం గడిచాక, నూరుసార్లు విన్న పాటలోనే వెనక వరసలో వాయిస్తున్న వయొలిన్ల మధ్య ఒక వేణువు ఉన్నదని తెలుస్తుంది. శ్లోకం ఎలా కట్టబడిందో తెలిశాక కలిగే సంతోషం శ్లోకాన్ని పొగిడితే కలిగే సంతోషం కంటే తక్కువదని వాదించేవాడితో ఈ వ్యాఖ్యకు వాదం లేదు.

‘విని తీస్కోన్రి’ – ఇది విధివాక్యం. ‘విని’ అనేది క్త్వార్థకం, ముందు జరిగే క్రియను తెలుపుతుంది; కనుక వినడం పూర్వం, తీసుకోవడం ఉత్తరం, ఈ క్రమం తప్పితే ఫలం దక్కదు. ఏం వినాలన్నది మూలంలో లేదు గనుక వ్యాఖ్యాత పూరించవలసి ఉంది. మొదట వినవలసింది పాట కాదు, మాట. బీబీసీలో మానిటర్లు రూపొందించినవారు మనిషి గొంతునే గీటురాయిగా పెట్టుకున్నారు, ఎందుకంటే ఏ వాద్యం ఎలా మోగాలో అందరికీ తెలియకపోయినా మనిషి ఎలా మాట్లాడతాడో అందరికీ తెలుసు. వరంగల్‌లో ఈ పరీక్షకు ఖర్చు లేదు: 103.5 ఎఫ్ఎం మీద ఆకాశవాణి వరంగల్ పెట్టి, ప్రకటన చదివే గొంతు ఛాతీ నుంచి వస్తున్నదో డబ్బా నుంచి వస్తున్నదో వింటే సగం తేలిపోతుంది. తరువాత డప్పు వినాలి. డప్పును ఒక చేత లావైన సిర్రతోనూ, మరో చేత సన్నని సిటికెన పుల్లతోనూ వాయిస్తారు. మంచి మానిటరులో సిర్ర దెబ్బ గుండె మీద పడి వెంటనే ఆగిపోతుంది, ఆ ఆగిన ఖాళీలో సిటికెన పుల్ల చర్మం మీద చిటచిటమనడం విడిగా వినిపిస్తుంది. తెరచిన రంధ్రంతో బేసును ఊదే డబ్బాల్లో సిర్ర దెబ్బ తోక పుల్ల చప్పుడును మింగేస్తుంది. చుక్క సత్తయ్య ఒగ్గుకథ రికార్డింగు ఏదైనా దొరికితే ఇంకా మంచిది: కథకుడి వచనం, వెనక వంతగాళ్ళ అందుకోలు, డోలు, తాళాలు అన్నీ ఒకేసారి వచ్చిపడే ఆ రద్దీలో ఒక్క మాట కూడా జారిపోకపోతే ఆ స్పీకరుకు ఇంకో పరీక్ష అక్కరలేదు. ఇదంతా తక్కువ వాల్యూములోనే జరగాలి. అమ్మేవాడు వాల్యూము పెంచితే అది ఆదరం కాదు, ఆచ్ఛాదనం.

వినడానికి యాంప్లిఫయరు కావాలి కదా అన్న సందేహానికి ఒక ఉపవిధి. లోపల కరెంటు వ్యవస్థ లేని, రెండు తీగలతో మాత్రమే పనిచేసే పాత మానిటరు ఏ దేశం నుంచి వచ్చినా ఇక్కడ పలుకుతుంది. యాంప్లిఫయరు డబ్బాలోనే ఉన్న రకమైతే వెనకవైపు రేకు చదవకుండా ప్లగ్గు పెట్టరాదు. జపానులో ఇళ్ళకు వచ్చేది 100 వోల్టులు, ఇక్కడ 230, మధ్యలో ట్రాన్స్‌ఫార్మరు లేకుండా కలిపితే కలిగే ధ్వనికి వ్యాఖ్య అవసరం ఉండదు.

‘రేటు మాట్లాడుకుందాం’ – ఇందులోని ఉత్తమ పురుష బహువచనం వినేవాణ్ణి కూడా కలుపుకొన్నది, స్నేహాన్ని ధ్వనింపజేసేది. ధర చెప్పకపోవడం వల్ల వ్యంగ్యార్థం ఒకటి పుడుతున్నది: కొనేవాడి ముఖంలో ఆసక్తి ఎంత ఉంటే రేటు అంత. కనుక బ్యాటరీ తాకించి, తీగలు మార్చి, డప్పు విని, ముఖంలో సంతోషం కనబడనీయకుండా ఉండగలగడం కూడా ఈ శాస్త్రంలో అంతర్భాగమే. మొదట చెప్పే ధర నుంచి కొత్త ఫోము, కెపాసిటర్లు, రిపేరు చేసేవాడి కూలి తీసివేయగా మిగిలేదే అసలు ధర.

తాత్పర్యం

పేరున్న పాత మానిటరుకు ఇప్పుడు పెట్టే ధరలో పెద్దభాగం పేరుదే. పేరు లేనిదాంట్లో మూసిన డబ్బా, రబ్బరు లేదా గుడ్డ అంచు, తెగని కాయిల్, ఉబ్బని చెక్క ఈ నాలుగూ ఉంటే అది తీసుకోదగినదే, ఒకటి కొంచెం గర్రుమన్నా సరే. కొనేవారు దొరకనప్పుడు ఇటువంటి డబ్బాలు తూకానికే పోతాయి. పాత సామాను కొనేవాడు అయస్కాంతాన్నీ రాగి చుట్టనూ విడదీసుకొని చెక్కను పొయ్యిలోకి పారేస్తాడు. ఇంట్లోనో, మూతబడిన ఏ రికార్డింగు గదిలోనో అటక మీద ఆ మాదిరి జత ఉన్నవారు వాటిని తూకానికి వేసే ముందు వెనకవైపు రేకు తుడిచి దాని మీద ఏముందో ఒక్కసారి చదవాలి, ఊళ్ళో ఉన్న రిపేరు మనిషికి ఒక్కసారి చూపించాలి.